క్యారవాన్ మీద ఏసీ: నేమ్‌ప్లేట్ లెక్క వేరు, మే నెల లెక్క వేరు

(విజయవాడ ఆటోనగర్‌లో బాడీ బిల్డింగ్, వైరింగ్, ఏసీ పనివారి కోసం ఇచ్చిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. బాడీ కట్టేవాళ్లు, వైరింగ్ చేసేవాళ్లు, ఏసీ బిగించేవాళ్లు ముగ్గురూ ఇక్కడే ఉన్నారు. క్యారవాన్ లోపల చల్లబడకపోతే ఈ ముగ్గురిలో ఎవరి పని మీద తప్పుందో తేలడం కష్టం. బండి యజమాని అనేది మాత్రం ఒకటే మాట: "ఏసీ చాలట్లేదు, పెద్దది పెట్టండి." పెద్దది పెట్టేముందు రెండు పనులు చెయ్యాలి. ఉన్న ఏసీ ఎంత వేడి లాగుతోందో కొలవాలి, బండిలోకి ఎంత వేడి వస్తోందో లెక్క కట్టాలి. ఈ రోజు మాట్లాడేది ఈ రెండింటి గురించే.

ముందు కొలతలు. ఏసీ సైజు చెప్పే ఒక టన్ను అంటే గంటకు 12,000 బీటీయూ (వేడిని కొలిచే బ్రిటిష్ కొలత), కిలోవాట్లలో 3.5. ఈ లెక్క ఐస్ నుంచి వచ్చింది. 2,000 పౌండ్ల ఐసును 24 గంటల్లో కరిగించడానికి ఎంత వేడి కావాలో అంత వేడిని లోపలి నుంచి లాగితే అది ఒక టన్ను. క్యారవాన్ల కోసమే చేసిన రూఫ్‌టాప్ ఏసీలు ఎక్కువగా 13,500, 15,000 బీటీయూల్లో వస్తాయి. టాపు మీద 14 అంగుళాలకు 14 అంగుళాల కన్నం కోసి, పైన మిషన్, కింద సీలింగ్ బాక్స్ పెట్టి మధ్యలో బోల్టులు బిగిస్తారు. 13,500 అంటే టన్నుకు కాస్త పైన, 15,000 అంటే టన్నుంబావు. అమెరికా నుంచి తెప్పించేవి 115 వోల్టులు, 60 హెర్ట్జ్ మీద నడుస్తాయి. మనకు కావలసింది 230 వోల్టులు, 50 హెర్ట్జ్ మోడల్. ఆర్డర్ ఇచ్చేముందు ఇదొక్కటి చూసుకోండి. ట్రాన్స్‌ఫార్మర్ పెట్టి వోల్టేజీ సరిచేసుకోవచ్చు గానీ హెర్ట్జ్ మారదు. 50 మీద ఆ కంప్రెసర్ వేగం తగ్గి, చల్లదనమూ తగ్గిపోతుంది.

ఇక అసలు సంగతి. నేమ్‌ప్లేట్ మీద 13,500 అని ఉంటే, అది ఏ వాతావరణంలో 13,500? ల్యాబులో బయట 35 డిగ్రీలు, లోపల 27 డిగ్రీలు, లోపలి తడి బల్బు (తడిగుడ్డ చుట్టిన థర్మామీటరు చూపే అంకె) 19 డిగ్రీలు పెట్టి కొలిచిన అంకె అది. అంతర్జాతీయ ప్రమాణంలో దీన్ని టీ1 అంటారు. మన ఇంటి ఏసీల పరీక్ష కూడా దాదాపు ఇలాగే ఉంటుంది. ఎడారి దేశాల కోసం బయట 46 డిగ్రీల దగ్గర కొలిచే టీ3 అని ఇంకొకటి ఉంది. రోహిణి కార్తెలో బెజవాడలో మధ్యాహ్నం 43, 44 మామూలే. రెంటచింతల వైపు వెళితే ఇంకా ఎక్కువ. ఆ ఎండలో 35 దగ్గర కొలిచిన అంకె రాదు. మిషన్‌ను బట్టి 10 నుంచి 15 శాతం తగ్గుతుంది. కరెంటు మాత్రం తగ్గదు, పెరుగుతుంది. కాబట్టి కొనేటప్పుడు కేటలాగులో "46 డిగ్రీల దగ్గర కెపాసిటీ" అనే వరుస ఉందో లేదో చూడండి. లేకపోతే మీరే 12 శాతం కొట్టేసి లెక్క వేసుకోండి.

పైగా ఏసీ కండెన్సర్, అంటే లాగిన వేడిని బయటికి వదిలే కాయిల్, పీల్చేది వాతావరణ శాఖ చెప్పే గాలి కాదు, టాపు మీది గాలి. ముదురు రంగు టాపు ఎండకు 70 డిగ్రీల దాకా కాలుతుంది. దానికి ఆనుకుని ఉన్న గాలి బయటి గాలి కంటే మూడు నాలుగు డిగ్రీలు ఎక్కువే ఉంటుంది. దీనికి తోడు మనవాళ్లు చేసే ఒక పని ఉంది. ఏసీ కనపడకుండా చుట్టూ ఫైబర్ గోడ కడతారు, లేదా లగేజీ క్యారియర్‌ను, సోలార్ ప్యానెళ్లను దానికి అంటించి బిగిస్తారు. కండెన్సర్ వదిలిన వేడిగాలి బయటికి పోయే దారి లేక మళ్లీ కండెన్సర్‌లోకే వస్తుంది. అప్పుడు బయట 43 ఉన్నా ఏసీకి మాత్రం 50 ఉన్నట్టే. కాసేపటికి కంప్రెసర్ ఓవర్‌లోడ్ ట్రిప్ అవుతుంది, చల్లారాక మళ్లీ ఎత్తుకుంటుంది. "మధ్యాహ్నం ఆగిపోతోంది, సాయంత్రం బాగానే ఉంది" అనే ఫిర్యాదు వస్తే మొదట టాపు ఎక్కి చూడండి. గాలి పీల్చే వైపూ వదిలే వైపూ కనీసం అడుగు, అడుగున్నర ఖాళీ ఉండాలి. టాపుకు తెల్ల రంగు వేయిస్తే ఆ ఒక్కదానితోనే ఇటు కండెన్సర్‌కూ అటు లోపలి సీలింగ్‌కూ మేలు.

ఇప్పుడు బండిలోకి వచ్చే వేడి. ఒక మామూలు బండి తీసుకుందాం. నివాస భాగం పొడవు 5 మీటర్లు, వెడల్పు 1.9, ఎత్తు 1.9. ముందు డ్రైవర్ క్యాబిన్‌కు అడ్డంగా పార్టిషన్ ఉంది. గోడల్లో 25 మిల్లీమీటర్ల థర్మాకోల్ ఉంది. థర్మాకోల్ మంచిదే గానీ మధ్యలో ఇనుప ట్యూబులు వేడిని నేరుగా లోపలికి మోస్తాయి. కాబట్టి చదరపు మీటరుకు, ఒక్కో డిగ్రీ తేడాకు 1.5 వాట్లు అనుకుందాం. బయట 43, లోపల 26.

టాపు తొమ్మిదిన్నర చదరపు మీటర్లు. తెల్ల టాపు ఎండలో 60 దగ్గర ఉంటే తేడా 34 డిగ్రీలు. అటు నుంచి 480 వాట్లు. గోడలు అద్దాలు పోను దాదాపు 20 చదరపు మీటర్లు, ఒక వైపు ఎండ, ఒక వైపు నీడ, కలిపి 650. కింద నుంచి రోడ్డు వేడి 280. అద్దాలు 3 చదరపు మీటర్లే, కానీ కర్టెన్ వేసినా అక్కడి నుంచే 800 వస్తుంది. నలుగురు మనుషులు ఊరికే కూర్చున్నా 500. ఫ్రిజ్, టీవీ, లైట్లు 200. నలుగురికి తాజా గాలి సెకనుకు 20 లీటర్ల దాకా కావాలి, దానికి ఇంకో 500. మొత్తం 3,400 వాట్లు. సుమారు 11,600 బీటీయూ.

చూడ్డానికి ఒక టన్ను సరిపోయేట్టు ఉంది కదా. సరిపోదు. 12,000లో 12 శాతం ఎండకు పోతే మిగిలేది 10,600. కాబట్టి ఈ బండికి 15,000 పెట్టాలి. అది ఆ ఎండలో 13,200 ఇస్తుంది, కాస్త వెసులుబాటు మిగులుతుంది. ఇదే బండికి థర్మాకోల్ లేకుండా బయట రేకు, లోపల ప్లైవుడ్ మాత్రమే వేస్తే 1.5 వాట్లు కాస్తా 3 అవుతుంది. టాపు, గోడలు, కింది భాగం లెక్క రెట్టింపై మొత్తం 4,800 వాట్లు దాటుతుంది. అప్పుడు టన్నుంబావు చాలదు, రెండు టన్నుల వైపు చూడాలి. దానికి తగ్గ జనరేటరూ డీజిలూ బండి బతికినంత కాలం మోయాలి. 25 మిల్లీమీటర్ల థర్మాకోల్ ఖర్చు దీని ముందు ఏ మూలకు? అదే చోట 40 మిల్లీమీటర్ల పఫ్ (పాలియురెథేన్ ఫోమ్) వేసి, ఇనుప ట్యూబుకూ లోపలి ప్లైవుడ్‌కూ మధ్య రబ్బరు పట్టీ పెడితే 1.5 వాట్లు ఒకటి కిందికి వస్తుంది. నా అభిప్రాయం గట్టిగా చెబుతున్నాను: క్యారవాన్‌లో ఏసీ పని బాడీ షెడ్డులో మొదలవ్వాలి.

ఇంకొక లెక్క చాలామంది వదిలేస్తారు. బండి మధ్యాహ్నం మూడింటిదాకా ఎండలో మూసి ఉంది. లోపలి ప్లైవుడ్, పరుపులు, సీట్లు కలిపి 400 కిలోలు అనుకోండి, అన్నీ 50 డిగ్రీలకు కాగి ఉన్నాయి. వాటిని 27కి దించడానికే దాదాపు 4 యూనిట్ల వేడి లాగాలి. టన్ను ఏసీ ఇంకే పనీ చెయ్యకుండా దాని మీదే ఉన్నా గంటకు పైగా పడుతుంది. "గంటైంది, ఇంకా చల్లబడలేదు" అంటే ఏసీ చెడిపోయిందని కాదు. ముందు తలుపులు, రూఫ్ వెంట్ తెరిచి పది నిమిషాలు వేడిగాలి బయటికి పంపండి. ప్రయాణానికి రెండు గంటల ముందు, కరెంటు ప్లగ్ ఉన్న చోటే ఏసీ వేయండి.

ఇప్పుడు ఉక్క సంగతి. మన ఊళ్లో దీన్ని తెలుసుకోకుండా కెపాసిటీ అర్థం కాదు. మే నెలలో 42 డిగ్రీలు, గాలిలో తేమ 25 శాతం ఉన్న రోజు ఒకటి. జులైలో వాన వెలిసి 34 డిగ్రీలు, తేమ 70 శాతం ఉన్న రోజు ఒకటి. బయటి గాలి లోపలికి వస్తే ఏ రోజు ఏసీ మీద బరువు ఎక్కువ? 42 అనిపిస్తుంది. లెక్క వేస్తే, లోపల 25 డిగ్రీలు ఉంచాలంటే, మే నెల గాలి కిలోకు 22 కిలోజౌళ్లు లాగాలి, జులై గాలి కిలోకు 42. దాదాపు రెట్టింపు. ఆ తాజా గాలి 20 లీటర్లకే మేలో 500 వాట్లు అయితే జులైలో వెయ్యి. ఆ వేడంతా ఆవిరిలో దాగి ఉంటుంది, థర్మామీటరుకు కనపడదు. ఏసీ దాన్ని నీళ్లుగా మార్చి బయటికి పంపాలి. తలుపు రబ్బరు సరిగా కూర్చోకపోయినా, వాష్‌బేసిన్ పైపు దిగే చోట కన్నం తెరిచే ఉన్నా జులైలో పట్టుబడతారు.

లోపల గ్యాస్ స్టవ్ వెలిగించినా ఇదే కథ. చిన్న బర్నరు కూడా కిలోవాటున్నర వేడి ఇస్తుంది. పైగా కిలో గ్యాస్ కాలితే కిలోన్నరకు పైగా నీటి ఆవిరి గాలిలో కలుస్తుంది. వంట చేసేటప్పుడు ఎగ్జాస్ట్ ఫ్యాన్ తప్పనిసరి.

సందులు మూయమంటున్నాను కాబట్టి ఇక్కడే ఒక హెచ్చరిక. 2024 డిసెంబరులో కేరళలోని వడకరలో ఆగి ఉన్న క్యారవాన్‌లో ఇద్దరు చనిపోయారు. జనరేటర్ నుంచి వచ్చిన కార్బన్ మోనాక్సైడ్ లోపలికి చేరింది. ఫ్లోర్‌లో ప్రతి కన్నం మూయాలి, జనరేటర్ పొగగొట్టం బాడీ అంచు దాటి బయటికి రావాలి, తాజా గాలి తీసుకునే చోటు దానికి ఎదురు వైపున ఉండాలి, లోపల కార్బన్ మోనాక్సైడ్ అలారం ఉండాలి. ఇవి లేకుండా బండి డెలివరీ ఇవ్వకండి.

ఇక కొలవడం. మన దగ్గర అలవాటు ఏమిటంటే గ్రిల్ దగ్గర చెయ్యి పెట్టి "కూలింగ్ బాగుంది" అనడం, లేదా థర్మామీటర్ పెట్టి వెళ్లే గాలికీ వచ్చే గాలికీ తేడా చూడడం. ఆ తేడా 9 నుంచి 12 డిగ్రీలు ఉంటే బాగున్నట్టు అంటారు. మొదటి చూపుకు అది చాలు. కానీ ఒకే మిషన్ మీద రెండు రోజులు చూడండి. లోపలికి పీల్చే గాలి రెండు రోజులూ 27 డిగ్రీలే. పొడి రోజున వచ్చే గాలి 11.5, తేడా 15.5. ఉక్క రోజున వచ్చే గాలి 16, తేడా 11. రెండో రోజు ఏసీ తగ్గిందని గ్యాస్ ఎక్కించేవాళ్లున్నారు. నిజానికి రెండో రోజే అది ఎక్కువ పని చేస్తోంది. ఎలా తెలుస్తుందంటే, తడి బల్బు కొలవాలి. థర్మామీటరు మొనకు తడి నూలుగుడ్డ చుట్టి గాలి తగిలే చోట రెండు మూడు నిమిషాలు ఉంచితే వచ్చే అంకె అది. పొడి రోజున లోపలికి వెళ్లే గాలి తడి బల్బు 17, గాలిలోని వేడీ తేమా చూపే సైక్రోమెట్రిక్ చార్టులో చూస్తే కిలోకు 48 కిలోజౌళ్లు. వచ్చే గాలి 29. తేడా 19. ఉక్క రోజున వెళ్లేది తడి బల్బు 22, అంటే 64.5. వచ్చేది 43.5. తేడా 21.

దీన్ని గాలి బరువుతో గుణించాలి. గ్రిల్స్ ఖాళీ మొత్తం 350 చదరపు సెంటీమీటర్లు, గాలి వేగం కొలిచే చిన్న ఫ్యాన్ మీటరులో సెకనుకు 4 మీటర్లు వస్తే, సెకనుకు 0.14 ఘనపు మీటర్లు. గాలి బరువు 1.2తో గుణిస్తే 0.168 కిలోలు. పొడి రోజు 3.2 కిలోవాట్లు, ఉక్క రోజు 3.5. నేమ్‌ప్లేట్ 13,500 అంటే 3.95. ఎండా గాలీ లెక్కలోకి తీసుకుంటే ఇది ఆరోగ్యంగా ఉన్న మిషనే.

తడి బల్బు దగ్గర లేకపోతే బక్కెట్ పెట్టండి. డ్రెయిన్ నుంచి గంటలో వచ్చిన నీళ్లు కొలవండి. లీటరుకు 0.68 కిలోవాట్ వేడి అన్నమాట. పై ఉదాహరణలో ఉక్క రోజున గంటకు రెండు లీటర్లకు పైగా వస్తాయి. నీళ్లు బాగా వస్తున్నా గది చల్లబడకపోతే ఏసీ పని చేస్తోంది, బయటి గాలి ఎక్కడి నుంచో లోపలికి వస్తోంది. సందులు వెతకండి.

కెపాసిటీ నిజంగానే తక్కువ వస్తే గ్యాస్ సిలిండర్ వైపు వెళ్లకండి. రూఫ్‌టాప్ మిషన్లలో గ్యాస్ ఫ్యాక్టరీలోనే తూకం వేసి సీల్ చేస్తారు, చాలావాటిలో కిలో కూడా ఉండదు, సర్వీస్ వాల్వు కూడా ఉండదు. పైపుకు కన్నం పెట్టి వాల్వు బిగిస్తే లీకుకు మీరే తలుపు తెరిచినట్టు. ముందు సీలింగ్ బాక్స్ విప్పండి. అందులో పీల్చే గాలికీ వచ్చే గాలికీ మధ్య ఒక అడ్డుగోడ ఉంటుంది. చాలా కేసుల్లో దాని అంచులు సరిగా అతుక్కుని ఉండవు. చల్లగాలి గదిలోకి రాకుండా అటు నుంచి అటే కాయిల్‌లోకి వెళ్లిపోతుంది. గుర్తు ఏమిటంటే, గది ఇంకా 30 డిగ్రీలు ఉండగానే కంప్రెసర్ కట్ అవుతుంది. సెన్సర్‌కు తగిలేది గది గాలి కాదు, తిరిగొచ్చిన చల్లగాలి. కొన్నిసార్లు కాయిల్ మీద ఐస్ కూడా కడుతుంది. అల్యూమినియం ఫాయిల్ టేపుతో ఆ అడ్డుగోడ అంచులన్నీ, టాపు మందంలోని ప్లైవుడ్ అంచులతో సహా మూయండి. బట్ట టేపు వద్దు, ఎండకు జిగురు కరిగి ఊడిపోతుంది. డక్టులు ఉంటే వాటి జాయింట్లు కూడా. ఇంత పనికే గ్రిల్ దగ్గర గాలి ఎంత పెరుగుతుందో మీటర్ పెట్టి మీరే చూడండి.

తర్వాత ఫిల్టర్, కాయిల్ రెక్కలు, కండెన్సర్ మీది దుమ్ము, బ్లోయర్ కెపాసిటర్, ఈ వరుసలో చూడండి. కండెన్సర్ కడిగేటప్పుడు ప్రెజర్ వాషర్ దగ్గరగా పెట్టకండి, రెక్కలు పడుకుంటాయి. ఇవన్నీ సరిగా ఉండి, కంప్రెసర్ ఆంపియర్లు నేమ్‌ప్లేట్ కంటే బాగా తక్కువగా ఉంటే అప్పుడు గ్యాస్ తగ్గిందని అనుమానించవచ్చు. నింపాల్సి వస్తే పాతది పూర్తిగా తీసి, వాక్యూమ్ చేసి, తూకం ప్రకారం నింపాలి. ఆర్ 32 అయితే అది మంట అంటుకునే గ్యాస్ అని మరవకండి. పక్కనే వంట స్టవ్ ఉండే బండి ఇది.

కరెంటు గురించి త్వరగా చెబుతాను. 13,500 మిషన్ 230 వోల్టుల దగ్గర సుమారు 7 ఆంపియర్లు, 1,400 నుంచి 1,500 వాట్లు తీసుకుంటుంది. కంప్రెసర్ ఎత్తుకునేటప్పుడు క్షణం పాటు 30, 35 ఆంపియర్లు. హోటల్ ఆవరణలో 30 మీటర్ల ఎక్స్‌టెన్షన్ వైరు లాగారు, లోపల 1 చదరపు మిల్లీమీటర్ రాగి. వెళ్లి రావడానికి 60 మీటర్లు, 1.1 ఓమ్. స్టార్టింగ్ సమయంలో అందులోనే 38 వోల్టులు పోతాయి. అక్కడి సప్లై 210 ఉంటే కంప్రెసర్‌కు అందేది 172. అది మూలిగి ఆగిపోతుంది, కెపాసిటరో వైండింగో పోతుంది. 2.5 చదరపు మిల్లీమీటర్ల వైరు వేస్తే నష్టం 16 వోల్టులే. 2 కేవీఏ చిన్న జనరేటర్ మామూలు కంప్రెసర్‌ను చాలాసార్లు ఎత్తలేదు. స్టార్టింగ్ కరెంటును తగ్గించే సాఫ్ట్ స్టార్టర్ పెట్టండి, లేదా 3 కేవీఏ తీసుకోండి. బ్యాటరీ మీద నడుపుతామంటే, 12.8 వోల్టులు, 200 ఆంపియర్ అవర్ లిథియం బ్యాటరీ ఒకటి ఈ ఏసీని ఆపకుండా నడిపితే, నష్టాలు పోను దాదాపు గంటా ఇరవై నిమిషాలు. రాత్రంతా అని ఎవరికీ మాట ఇవ్వకండి.

లారీల మీద పెట్టే 24 వోల్టుల పార్కింగ్ ఏసీలు ఇప్పుడు క్యారవాన్లకూ అమ్ముతున్నారు. పెట్టె మీద 12,000 బీటీయూ అని ఉంటుంది. వైరు చుట్టూ పట్టి ఆంపియర్లు కొలిచే టాంగ్ టెస్టర్ పెట్టి చూడండి. 35 ఆంపియర్లు తీసుకుంటే 840 వాట్లు. ఈ రకం మిషన్ ఎండలో వాట్‌కు రెండున్నర వాట్ల వేడి లాగితే గొప్ప. అంటే 2,100 వాట్లు, 7,200 బీటీయూ. ఆంపియర్లతో పొసగని బీటీయూను నమ్మకండి. చిన్న పడక గదిలాంటి లారీ క్యాబిన్‌కు 7,200 పనికొస్తుంది, మనం లెక్క కట్టిన ఐదు మీటర్ల బండికి పనికిరాదు.

ఎవరో అడుగుతున్నారు, "అనుమానం లేకుండా రెండు టన్నులు పెట్టేస్తే పోదా" అని. మంచి ఇన్సులేషన్ ఉన్న బండిలో రెండు టన్నుల మామూలు కంప్రెసర్ పెడితే గాలిని అయిదారు నిమిషాల్లో చల్లబరిచి కట్ అవుతుంది. కాయిల్ మీది తేమ డ్రెయిన్ దాకా రాకముందే ఆగిపోతుంది, బ్లోయర్ ఆ తేమను మళ్లీ గదిలోకే ఊదుతుంది. 24 డిగ్రీలు చూపిస్తుంది, ఒళ్లు మాత్రం జిడ్డుగా ఉంటుంది, పరుపులు చెమ్మగిల్లుతాయి. పొడవైన బండికి రెండు టన్నులే కావాలంటే టన్ను మిషన్లు రెండు వేరువేరుగా పెట్టండి. రాత్రి ఒకటి ఆపేయవచ్చు, ఒకదాని తర్వాత ఒకటి వేస్తే జనరేటర్ మీద కూడా స్టార్టింగ్ భారం ఒకేసారి పడదు. ఇన్వర్టర్ కంప్రెసర్ అయితే ఈ ఇబ్బంది తక్కువ, అది తగ్గి నడుస్తుంది.

ఇంటి స్ప్లిట్ పెట్టొచ్చా అని ఇంకొకరు. పెడుతున్నారు, చల్లదనమూ బాగానే ఇస్తుంది, కరెంటూ తక్కువే. కానీ అది గోడకు కదలకుండా ఉండడానికి చేసింది. రాగి పైపు ఫ్లేర్ జాయింట్లు (పైపు మూతి వెడల్పు చేసి నట్టుతో బిగించేవి) రోడ్డు కుదుపులకు వదులవుతాయి. పెడితే పైపును చుట్ట తిప్పి వదలండి, ఔట్‌డోర్ కింద రబ్బరు మౌంట్లు వేయండి, చక్రాల బురద పడని చోట, గాలి ఆడే చోట బిగించండి. ఆరు నెలలకోసారి జాయింట్లకు సబ్బు నురగ పూసి చూడండి.

చివరి ప్రశ్న, ఏసీ నుంచి నీళ్లు లోపల మంచం మీద పడుతున్నాయని. రూఫ్‌టాప్ మిషన్లలో చాలావాటికి డ్రెయిన్ పైపు ఉండదు, నీళ్లు ట్రే కన్నాల నుంచి టాపు మీదికి పోతాయి. బండి ఏటవాలుగా ఆపితే నీళ్లు కన్నం లేని మూలకు చేరి పొంగుతాయి. బండిని సమంగా నిలిపి చూడండి. సమంగా నిలిపినా పడుతుంటే ఆ కన్నాల్లో దుమ్ము పేరుకుని ఉంటుంది, సన్నని తీగతో శుభ్రం చేయండి. అప్పటికీ ఆగకపోతే 14 అంగుళాల కన్నం చుట్టూ ఉన్న స్పాంజ్ గాస్కెట్ చూడండి. అంగుళం మందం ఉన్నది అరంగుళానికి అణిగేదాకా నాలుగు బోల్టులూ మార్చి మార్చి సమంగా బిగించాలి. ఒకే మూల గట్టిగా బిగిస్తే ఎదురు మూల లేచి, వాన నీళ్లు కూడా అక్కడి నుంచే దిగుతాయి. గాస్కెట్ కింద సీలెంట్ పూయకండి, తర్వాత మార్చాల్సి వస్తే ఊడిరాదు.